నవ్వితే వెలిగే దీపం

పని రోజు 19

ఈ నోటుబుక్కు డాక్టరమ్మ ఇచ్చింది. షెడ్డులో చూసినవన్నీ ఏ పూటకా పూట కాగితం మీద దించేస్తే నిద్ర బాగా పడుతుందట. నాకు నిద్రకేం లోటు లేదు, కునుకు తీసినందుకే ఈ వారం రెండుసార్లు బెల్లు మోగింది అన్నాను. అయినా రాయండి తాతగారూ అంది. ఐదో తరగతి రెండుసార్లు చదివినవాణ్ణి, లెక్క ప్రకారం పది పాసైనట్టే. రాయడానికేం?

షెడ్డంటే మా పాత జూట్ మిల్లులో మగ్గాల షెడ్డు. ముప్పై ఏళ్ళు అందులోనే గోనెపట్టా నేశాను. ఇప్పుడు మగ్గాలు లేవు, వాటి చోట తొమ్మిది కుర్చీలున్నాయి. ఒక్కో కుర్చీకి ఒక తెర, నోటి ముందర ఒక మైకు, మణికట్టుకు ఒక పట్టీ, పక్కన చిన్న ఆకుపచ్చ దీపం. మూడు ఊపిరుల సేపు కళ్ళు మూస్తే బెల్లు మోగుతుంది. కుర్చీ కింద బకెట్టు, కడుపులో తిప్పితే దానికి. నాది ఇంతవరకూ పొడిగానే ఉంది. పక్క కుర్చీ రవణమ్మ మొదటి రోజే తనది నింపేసింది. ఆ తర్వాత అలవాటు పడిపోయి, కడిగి దాన్లో గోంగూర తెచ్చుకుంటోంది.

అరవై ఐదు దాటనివాళ్ళు ఈ తెరల మీది బొమ్మలు చూడకూడదని చట్టం ఉంది. చూసినవి మోసుకుంటూ ఎక్కువ కాలం బతకం కదా అని మమ్మల్ని ఎంచుకున్నారు కాబోలు. మాకు బీపీ మాత్రలూ షుగరు మాత్రలూ కంపెనీవే, ఇంటికి కరెంటు కూడా.

పనేమిటో సూపర్‌వైజర్ లోహిత్ మొదటి రోజు చెప్పాడు. విశాఖ నుంచి వచ్చినవాడు, ముప్పై ఏళ్ళుంటాయి, గుండీలన్నీ పెట్టుకుంటాడు. రష్యా భాష ఇంటర్నెట్టు అట్టడుగున పేరూ మొహం లేని గుంపులుంటాయట. ఎదుటివాడి కడుపులో తిప్పేది ఎవడు పెడితే వాడు గొప్ప. యంత్రం గీసిన నెత్తురు ఇప్పుడు ఎవర్నీ కదిలించదు, చంటిపిల్లలు కూడా అది చూస్తూ పెరుగన్నం తింటారు. అందుకని ఆ గుంపులకి నిజంగా జరిగింది కావాలి. మేము చూస్తూ ఉంటే, మా నాడి కొట్టుకోవడాన్ని బట్టి ఏది నిజమో యంత్రం నేర్చుకుని, పిల్లల కంట పడకుండా ఆపుతుందట. ఏమనిపిస్తే అది పైకి అనాలి. అన్నదాని వెనక మనసు నిజంగా ఉంటే దీపం వెలుగుతుంది. నవ్వు దొంగదైతే వెలగదు, పట్టీకి తెలిసిపోతుంది.

అంతా పదేళ్ళ కిందటి పాత సరుకేనని కూడా చెప్పాడు.

పని రోజు 22

నాకొక గది ఇచ్చారు. గదంటే తెర మీద గది. గోడకి సగం దాకా నీలం రంగు. కిటికీ అద్దం సున్నం కొట్టినట్టు తెల్లగా ఉంటుంది. మధ్యలో మంగలి కుర్చీ లాంటిదొకటి, దాన్లో ఒక ముసలాయన. నా ఈడువాడే. ఎర్రటి ముక్కు, చెవుల మీదికి దిగే టోపీ, పాత కోటు. అటూ ఇటూ ఇద్దరు కుర్రాళ్ళు. ఒకడి మెడ మీద పచ్చబొట్టు. రెండోవాడు కెమెరా పట్టుకుని నవ్వుతూ ఉంటాడు, వాడి మొహం ఎప్పుడూ కనబడదు. తెర అంచున వాళ్ళ అక్షరాలు చీమల బారులా పైకి పాకిపోతుంటాయి. చూసేవాళ్ళు రాసేవట.

ఆ ముసలాయన కుర్చీలో బిగుసుకుని కూర్చున్న తీరు చూస్తే నాకు విందుకొచ్చిన వియ్యంకుడు గుర్తొచ్చాడు. మా వైపు వియ్యాలవారి విందులో వియ్యంకుణ్ణి ఏడిపించకపోతే ఆడపెళ్ళివారికి చేతకాదనుకుంటారు. పానకంలో కారం కలుపుతాం, పీట కింద అప్పడాలు పెడతాం. ఆయన కోపం తెచ్చుకుంటే మేం గెలిచినట్టు, నవ్వితే ఆయన గెలిచినట్టు. అందుకని ఆయనకి వియ్యంకుడని పేరు పెట్టేశాను.

వియ్యంకుడి గ్లాసులో కారం కలపండర్రా, మర్యాద తెలీని మనుషుల్లారా అని మైకులో అన్నాను. అనేసరికి నాకే నవ్వొచ్చింది. దీపం వెలిగింది.

నా టీ సగం కూడా అవలేదు, పచ్చబొట్టువాడు గ్లాసులో ఎర్రటి పొడి ఏదో వేసి కలిపాడు. వియ్యంకుడు తాగి, కళ్ళ నీళ్ళు పెట్టుకుని దగ్గాడు. రవణమ్మ తన తెర వదిలేసి నా తెర చూసింది.

"ముందే సూసీసినావేటి బావా?"

లేదే మరదలా, ఆటపట్టించేవాళ్ళ బుర్రలన్నీ ఏ దేశంలోనైనా ఒకేలా పనిచేస్తాయి అన్నాను. రేపూ సరిగ్గా చెప్పగలవా అంది. చెగోడీలు పందెం వేసుకున్నాం.

పని రోజు 24

మొహానికి మసి పూస్తారని చెప్పాను. పూశారు, బూట్ల పాలిషు. చెగోడీలు నాలుగు గెలిచాను. మధ్యాహ్నం కూడు వేళ అందరూ నా కుర్చీ వెనక చేరి, ఇప్పుడేం చేస్తారు చెప్పు చెప్పు అని ఒకటే గొడవ. టోపీ తిరగేసి పెడతారన్నాను. పెట్టారు. పళ్ళు లేని సిమ్మన్న కూడా నవ్వాడు, ఆ దృశ్యం తెర మీది వాటికన్నా భయంకరంగా ఉంది.

లోహిత్ వచ్చి నా భుజం తట్టాడు. తొమ్మిది దీపాల్లో నాదే ఎక్కువసార్లు వెలుగుతోందట.

పని రోజు 27

ఇవాళ జోళ్ళు దాచేస్తారన్నాను. పాట పాడితే గానీ ఇవ్వరన్నాను. వియ్యంకుడి బూట్లు లాగేశారు. ఆయన పాడలేదు. నేల మీద నీళ్ళు పోసి, కిటికీ తెరిచి, అందులో నిలబెట్టారు. ఆ నీళ్ళు చూస్తుండగానే గాజుపెంకులా గట్టిపడ్డాయి. ఆయన ఒక కాలు మార్చి ఒక కాలు ఎత్తుతూ ఉన్నాడు, కొంగలాగ. అలా ఎంతసేపో.

సరసం ఆ పాటికి ఆగిపోవాలి. ఎవరో ఒక పెద్ద ముత్తైదువ వచ్చి, చాలు ఊరుకోండర్రా అనాలి. ఆ గదిలో ఎవరూ అనలేదు. నాకు నవ్వు రాలేదు. సాయంత్రం లోహిత్ వచ్చి, ఒంట్లో బాగోలేదా తాతా, నీ నవ్వు ఏదని పైవాళ్ళు అడుగుతున్నారు అన్నాడు. పైవాళ్ళు నన్నడిగారని రవణమ్మతో గొప్పగా చెప్పుకున్నాను.

పని రోజు 30

ఇవాళ సెలవు, అయినా లెక్కలో కలిపేస్తున్నాను. బీపీ చూపించుకోవడానికి డాక్టరమ్మ దగ్గరికి వెళ్ళాను. మృణాళిని ఆమె పేరు. కాలవ అవతల సర్కారు ఆసుపత్రికి వచ్చి రెండేళ్ళయింది. డాక్టరు చదువు రష్యాలో ఆరేళ్ళు చదివింది. ఆ భాష ఎలా ఉంటుందో నాకూ తెలుసంటూ, ఆమెను నవ్వించడానికి పచ్చబొట్టువాడు అనే మాట వాడి గొంతుతోనే అన్నాను. ఇందీస్కీ ద్యేద్ ప్రికాజివయెత్ అని. అర్థం తెలీదు గానీ నాకు ఏ చప్పుడైనా ఒకసారి వింటే నోటికొచ్చేస్తుంది. మిల్లు సైరన్ కూతపెట్టి ఒకసారి షిఫ్టు పావుగంట ముందే వదిలించేసినవాణ్ణి.

డాక్టరమ్మ చేతిలో రబ్బరు బుడగ ఆగిపోయింది.

"మళ్ళీ అనండి."

అన్నాను.

"ఇది ఎన్నిసార్లు విన్నారు?"

"ఆడు రోజూ అంతాడమ్మా. ఏదో ఒకటి సేసే ముందర అంతాడు. ఏటది, తిట్టా?"

ఆమె నా చేతికి చుట్టిన పట్టా విప్పి, మడతపెట్టి, పెట్టెలో పెట్టింది.

"ఇండియా తాత ఆజ్ఞాపిస్తున్నాడు. అదీ దానర్థం."

పని రోజు 31

రాత్రంతా అది పాత సరుకేనని నాకు నేను చెప్పుకున్నాను. పదేళ్ళ కిందట ఇంకో ఇండియా తాత ఎవడో ఉండి ఉంటాడు. తేల్చుకోవడానికి ఒక ఉపాయం తోచింది. ఏ పాత సరుకులోనూ ఉండని పని ఒకటి చెప్పాలి.

ఐదో తరగతిలో మా మాస్టారు నాచేత గుంజీళ్ళు తీయిస్తూ, లెక్కపెడుతూ పెడుతూ కుర్చీలో నిద్రపోయిన సంగతి తలుచుకున్నాను. నవ్వొచ్చింది. దీపం వెలిగింది. ఆ పచ్చబొట్టువాడు రెండు చెవులూ పట్టుకుని మూడు గుంజీళ్ళు తియ్యాలి అన్నాను.

కెమెరావాడు నా మాట వాళ్ళ భాషలో చదివాడు. పచ్చబొట్టువాడు విసుక్కున్నాడు. తర్వాత రెండు చెవులూ పట్టుకుని కూర్చుని లేచాడు. ఒకటి. రెండు. మూడు.

ముప్పై ఒక్క రోజుల్లో మొదటిసారి నా బకెట్టు వాడాను.

లోహిత్‌ని పట్టుకుని అడిగాను. పాత సరుకు తాతా అన్నాడు. పాత సరుకు గుంజీళ్ళు తీస్తాదేటిరా బాబూ అన్నాను. వాడు తలుపు వైపు చూసి గొంతు తగ్గించాడు.

"నాకు చెప్పిందే నీకు చెప్తున్నాను. నువ్వు మానేస్తే ఆ కుర్చీ రేపే నిండిపోతుంది. నవ్వే ముసలాళ్ళు ఊరూరా ఉన్నారు."

సాయంత్రం డాక్టరమ్మ విడమరిచి చెప్పింది. ఆ గుంపుల్లో చూసేవాళ్ళు సగానికి సగం యంత్రాలేనట. అందుకని అసలు మనిషి, నాడి కొట్టుకునే మనిషి, ఎక్కడో దూరదేశంలో కూర్చుని నవ్వాడంటే అది అక్కడ బంగారం. నవ్వినవాడి మాట చెల్లుతుంది. మా కంపెనీ అమ్ముతున్నది అదే. మేము పిల్లల్ని కాపాడుతున్నది లేదు, ఏమీ లేదు.

ఆ గడ్డకట్టిన నేల మీద ఆయన చెప్పుల్లేని కాళ్ళతో నిలబడింది నా చెగోడీల కోసం.

డాక్టరమ్మ ఆ దేశం పోలీసులకి రాసింది. చిరునామా లేకుండా ఏమీ చెయ్యలేం, అలాంటి గదులు వేలున్నాయి అని గంటలో జవాబొచ్చింది. ఫోనుతో తెరను ఫొటో తీద్దామంటే ఫోన్లు గేటు దగ్గరే లాగేసుకుంటారు. ఇక్కడి ఠాణాలో చెబితే కంపెనీ కాగితాలన్నీ సక్రమంగానే ఉన్నాయన్నారట.

పని రోజు 33

మానెయ్యకూడదని నిర్ణయించుకున్నాను. నా నవ్వుకి అక్కడ చెల్లుబాటు ఉన్నప్పుడు దాన్ని మంచికి వాడొచ్చు కదా. వియ్యంకుడి బూట్లు తిరిగి ఇప్పించాలి.

బూట్లిచ్చెయ్యండి అన్నాను. దీపం వెలగలేదు. గట్టిగా నవ్వుతూ అన్నాను. వెలగలేదు. పట్టీకి నా దొంగనవ్వు తెలిసిపోయింది. ఏడుపొస్తున్నవాడికి నవ్వెక్కణ్ణుంచి వస్తుంది?

రవణమ్మకి విషయం చెప్పాను. ఆమె నన్ను తిట్టలేదు. కాసేపు తన తెర వైపు చూసింది, అక్కడ తను ఇన్నాళ్ళూ ఏమేం అన్నదో లెక్కేసుకుంటున్నట్టు. తర్వాత కుర్చీ నా వైపు జరుపుకుని, మా వీవింగ్ మాస్టారి విగ్గు నూనె తొట్టిలో పడిన కథ మొదలెట్టింది. ఆ కథ నాకు తెలుసు, నేనే పడేశాను. కానీ విగ్గు తీసుకురావడానికి వెళ్ళినవాడు ఎలకనుకుని చీపురుతో కొట్టిన ముక్క ఆమె ఎంత బాగా చెప్పిందంటే, నాకు కడుపులోంచి నవ్వొచ్చింది. దీపం వెలిగింది.

ఆయన జోళ్ళు ఆయనకి తొడగండి అన్నాను.

తొడిగారు. చేతులకి తొడిగారు. అలా తొడిగి చప్పట్లు కొట్టమన్నారు.

పని రోజు 34

కాళ్ళకి. ఈసారి కాళ్ళకి అని చెప్పాను, కుడి కాలి బూటు కుడి కాలికి అని కూడా చెప్పాను. పొద్దుట పదిన్నరకి వియ్యంకుడి కాళ్ళకి బూట్లున్నాయి. ఇందుకోసం రవణమ్మకి మూడు కథలు ఖర్చయ్యాయి.

పని రోజు 35

వేడి చారు తాగించాను. వాళ్ళు గిన్నె ఆయన ముక్కు దగ్గర పెట్టి రెండుసార్లు వెనక్కి లాగి ఏడిపించారు గానీ చివరికి ఇచ్చారు. తాగాక వియ్యంకుడు కెమెరా వైపు తిరిగాడు. ఇన్నాళ్ళలో ఆయన కళ్ళు నేను చూడ్డం అదే మొదలు. గుండెల మీద చెయ్యి వేసుకుని తల కొంచెం వంచాడు. నేనూ వంచాను. ఆయనకి నేను కనబడనని తెలుసు, అయినా వంచాను.

ఆయన కుర్రాళ్ళతో ఏదో గొణిగాడు. ఆ చప్పుడు పట్టుకెళ్ళి డాక్టరమ్మకి వినిపించాను. నన్ను వదిలెయ్యండి బాబూ, వంతెన దాటితే మూడో స్టాపే మా ఇల్లు అంటున్నాడట. అంటే ఇల్లుంది. దగ్గర్లోనే ఉంది.

పని రోజు 38

డాక్టరమ్మ ఆ గుంపు రాతలు వెతికి చదివింది. ఇండియా తాత మెత్తబడిపోయాడు, చప్పగా ఉన్నాడు అని రాస్తున్నారట. చూసేవాళ్ళు తగ్గిపోతున్నారు. ఆదివారం ఈ గదికి మంచి ముగింపు ఇస్తామని కుర్రాళ్ళు మాటిచ్చారట. ముగింపంటే ఏమిటో రాయలేదు. ఆమె చదవనూ లేదు, కంప్యూటరు మూసేసింది.

ఇవాళ గురువారం. ఆదివారం లోపల వియ్యంకుణ్ణి ఇంటికి పంపించెయ్యాలి.

పని రోజు 40

శనివారం. ఇదంతా ఒక్కసారి రాసేస్తాను, మళ్ళీ చదవను.

నేను కుర్చీలో కూర్చునేసరికే ఆయన మీద నీళ్ళు పోసి ఉన్నారు. చొక్కా ఒంటికి అంటుకుపోయి ఉంది. కోటు పొడిగానే ఉంది, పైన తొడిగారు. రవణమ్మ కొత్త కథేదో ఎత్తుకుంది. ఏ కథో కూడా గుర్తులేదు, మధ్యలో ఆమెకే నవ్వొచ్చి చెప్పలేకపోయింది. అది చూసి నాకొచ్చింది. దీపం వెలిగింది.

తలుపు తియ్యండి, వియ్యంకుణ్ణి ఇంటికి సాగనంపండి, ఎవరూ అడ్డం పడకండి అన్నాను.

కుర్రాళ్ళు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. పచ్చబొట్టువాడు విజిల్ వేసి తలుపు తీశాడు. వియ్యంకుడు నమ్మలేదు. లేచాడు, ఒక అడుగు వేసి ఆగాడు, వెనక్కి చూశాడు. ఎవరూ పట్టుకోలేదు. అప్పుడు ఆ ముసలాయన బడి వదిలిన పిల్లాడిలా నడిచాడు, బూట్లు టకటకలాడించుకుంటూ.

నేను నవ్వాను. పుట్టి బుద్ధెరిగాక అలా నవ్వలేదు. షెడ్డంతా లేచి నా వెనకాల నిలబడి నవ్వింది. దీపం వెలగడం కాదు, మండింది. లోహిత్ గదిలో ఏదో గంట కూడా మోగింది.

కుర్రాళ్ళు కెమెరా పట్టుకుని ఆయన వెనకాలే వెళ్ళారు. బయట అంతా తెలుపు. ఆయన వంతెన దాకా వెళ్ళలేదు. దారిలో బస్సుల కోసం కట్టిన రేకుల పాక ఉంది, అందులో కూర్చున్నాడు. బస్సు కోసం కాబోలనుకున్నాం. నవ్వుతూనే ఉన్నాం, టీ తెప్పించుకున్నాం. సిమ్మన్న ఏ నంబరు బస్సు వస్తుందోనని పందెం వేస్తానన్నాడు.

చీమల బారు వేగంగా పాకుతోంది. అంకెలే ఎక్కువ కనబడ్డాయి. నిమిషాలని మాకు తర్వాత తెలిసింది.

ఆయన మొదట్లో వణికాడు. ఆ తర్వాత వణకడం మానేశాడు. వెచ్చబడ్డాడనుకున్నాను. టోపీ తీసి పక్కన పెట్టాడు. కోటు గుండీలు విప్పుకోవడం మొదలెట్టాడు. చూడండర్రా, ఎండ పడుతున్నట్టుంది అన్నాను.

రవణమ్మ అన్నది, బావా, ఆయన సొక్కా సూడు అని. నీళ్ళతో అంటుకుపోయిన చొక్కా రేకులాగ నిలబడి ఉంది. మెడ దగ్గర ఒళ్ళు కదిలినా అది కదలడం లేదు.

అక్కడ మైనస్ ముప్పై అని డాక్టరమ్మ నాతో ఒకసారి చెప్పింది. చలంటే నాకు తెలిసింది అరకు చలి. ఆ దేశంలో పుట్టినవాడికి ఆ చలి ఏం చేస్తుంది, చేప నీళ్ళకి భయపడుతుందా అనుకున్నాను. తడిచొక్కా సంగతి పొద్దున్నే చూశాను. మా ఊళ్ళో తడిచొక్కా నడుస్తుంటే ఆరిపోతుంది.

లోపలికి తీసుకెళ్ళండి అని మైకులో అరిచాను. దీపం వెలగలేదు. ఆయన్ని లోపలికి తీసుకెళ్ళండి బాబూ, మీకు దణ్ణం పెడతాను అన్నాను. వెలగలేదు. తెర మీద పచ్చబొట్టువాడు చేతులు జేబుల్లో పెట్టుకుని నిలబడి ఉన్నాడు.

"నవ్వు బావా," అంది రవణమ్మ. "నవ్వీ. నివ్వు నవ్వకపోతే ఆయన సచ్చిపోతాడు."

విగ్గు కథ మళ్ళీ చెప్పింది. సిమ్మన్న పళ్ళు లేని నోరు తెరిచి కోతిలా ఆడాడు. ఎవరో నా చంకల్లో వేళ్ళు పెట్టి గిలిగింతలు పెట్టారు. రవణమ్మ నా మీసం పట్టుకుని లాగింది. తొమ్మిదిమంది ముసలాళ్ళం, ఒకరి మొహాల్లోకి ఒకరం చూసుకుంటూ, కళ్ళ నీళ్ళు కారుతుండగా హహహ అని అరుస్తున్నాం. తొమ్మిది దీపాలూ ఆరిపోయే ఉన్నాయి. ఊళ్ళో ఏ చావింట్లోనైనా ఎవర్నో ఒకర్ని నవ్వించి వచ్చేవాణ్ణి. నా చావు కబురు చెప్పినా నేనే ముందు నవ్వుతానని నా పెళ్ళాం అంటూండేది.

వియ్యంకుడు కోటు కూడా తీసేసి, మడతపెట్టి, దాని మీద టోపీ పెట్టాడు. గోడకి ఆనుకున్నాడు. పన్నెండున్నర దాకా ఎవరూ ఆయన్ని ముట్టుకోలేదు.

పని రోజు 42

నిన్న వెళ్ళలేదు. ఇవాళ వెళ్ళాను. లోహిత్ మిఠాయి పొట్లం పట్టుకుని నిలబడ్డాడు, పైవాళ్ళు పంపారట. తలుపు తెరుచుకున్నప్పుడు నేను నవ్విన నవ్వు ఆ పాక బొమ్మకి తగిలించారట. ముసలాయన కోటు విప్పుతుంటే నా నవ్వు వినబడుతుందట. అది గుంపులన్నీ తిరుగుతోందట. చెబుతూ చెబుతూ వాడు తల దించుకున్నాడు. పొట్లం కిటికీలో పెట్టి వెళ్ళిపోయాడు. చీమలు పట్టాయి.

ఆ చలిలో చచ్చిపోయేముందు ఒంటికి వేడిగా అనిపిస్తుందనీ, అందుకే బట్టలు విప్పేస్తారనీ డాక్టరమ్మ చెప్పింది. మీరిక ఆ షెడ్డుకి వెళ్ళకండి అంది. అదే గది, అదే కుర్చీ, రేపట్నుంచి ఇంకెవర్నో కూర్చోబెడతారమ్మా అన్నాను. మైకు దగ్గర నేను లేకపోతే నవ్వేవాడు ఉంటాడు. నేను నవ్వు రాకుండా నోట్లో నీళ్ళు పోసుకునైనా కూర్చుంటాను.

పని రోజు 43

ఈసారి ఒక ముసలావిడని తెచ్చారు. తలకి పువ్వుల గుడ్డ, చిన్న మనిషి, పాదాలు నేలకి ఆనడం లేదు. సంచీతో సహా తెచ్చేశారు, అందులోంచి ఉల్లికాడలు కనబడుతున్నాయి. దుకాణానికి వెళ్ళి వస్తుంటే ఏదో ఆశ పెట్టి ఉంటారు. గదేమిటో ఆవిడకి ఇంకా తెలీదు.

పచ్చబొట్టువాడు ఆవిడ మొహంలో మొహం పెట్టి ఏదో అరిచాడు. వాడి మూతికి ఏదో తిన్నది అంటి ఉంది. ఆవిడ బెదరలేదు. జేబు రుమాలు తీసి, దాని కొస మీద ఉమ్మి, వాడి గడ్డం పట్టుకుని మూతి తుడిచింది. వాడు మూడేళ్ళ గుంటడిలాగ మొహం పైకెత్తి తుడిపించుకున్నాడు. తుడిపించుకున్నాక గుర్తొచ్చింది వాడికి, తనెవరో.

నాకు తెలీకుండానే నవ్వొచ్చేసింది. దీపం వెలిగింది.

కెమెరావాడు ఆగాడు. నా మాట కోసం చూస్తున్నాడు. రవణమ్మ నా మోచెయ్యి పట్టుకుంది. వదిలెయ్యమంటే మళ్ళీ ఆ తెలుపులోకి వదిలేస్తారు. అన్నం పెట్టమంటే నెత్తిన పోస్తారు. దీపం ఎంతోసేపు ఉండదు.

మా ఇళ్ళల్లో కొత్త కోడలు గడప దాటబోతే ఆడపడుచులు చేతులడ్డం పెడతారు. పేరు చెప్పు, మొగుడి పేరు చెప్పు, ఏ ఊరు, ఏ వీధి, అప్పుడే లోపలికి రానిస్తాం అంటారు. సిగ్గుపడితే మళ్ళీ అడుగుతారు.

"మా ఇంటి ఆచారం ఒకటుందర్రా," అన్నాను. "వియ్యపురాలు ఆ కుర్చీలో ఉండాలంటే తన పేరు, ఇప్పుడున్న ఊరు, వీధి, ఇంటి నంబరు గట్టిగా సెప్పాల. సిగ్గుపడకుండా రెండుసార్లు సెప్పాల. ఎలగ సెప్తాదో సూస్తాను."

కెమెరావాడు చదివాడు. పచ్చబొట్టువాడికి అందులో తప్పేం తోచలేదు, చెప్పవే ముసలీ అన్నట్టు చెయ్యి ఊపాడు. ఆవిడ వాడి వంక చూసింది. తర్వాత కెమెరా వంక చూసింది. ఆ చూపు చూశాక నాకర్థమైంది, ఆవిడకి గది ఏమిటో తెలిసిపోయింది, నేనెందుకు అడిగానో కూడా తెలిసిపోయింది. నిటారుగా కూర్చుని ఒక్కో ముక్కా గోడకి మేకు కొట్టినట్టు చెప్పింది. ఒకసారి. రెండోసారి చెబుతుండగా చేత్తో కిటికీ వైపు, నేల వైపు చూపిస్తూ ఇంకేదో కలిపింది. కెమెరావాడు ఎగిరొచ్చి ఆవిడ నోరు మూశాడు. తెర నల్లబడింది.

నేను పట్టీ తెంపుకుని లేచాను. లోహిత్ తలుపు దగ్గర ఉన్నాడు. నా మొహం చూసి పక్కకి తప్పుకున్నాడు.

షెడ్డు నుంచి ఆసుపత్రికి మైలున్నర. పెదాలు కదుపుతూ నడిచాను. ఆ చప్పుళ్ళలో ఒక్కటి జారినా పని అయిపోతుంది. టీ కొట్టు దగ్గర నలుగురు పలకరించారు. ఏటి ముత్యాలు తాత, మాట పడిపోనాదేటి, ఊరు బాగుపడిపోద్ది అన్నారు. ఈ ఊళ్ళో నేను జవాబివ్వకుండా పోయిన మొదటి మాట అదే. కాలవ గట్టు మీద ఆడవాళ్ళు నవ్వారు. చెవులు మూసుకున్నాను, ఇంకో చప్పుడు లోపలికి రాకుండా.

ఆసుపత్రి వరండాలో వరసని తోసుకుని లోపలికి పోయాను. డాక్టరమ్మ ఒక చంటిదానికి సూది వేస్తోంది. చంటిది ఏడుస్తోంది. దాని ఏడుపు మీద నుంచే నేను మొదలెట్టాను. డాక్టరమ్మ సూది పక్కన పెట్టి కాగితం లాక్కుంది.

పేరు వచ్చింది. ఊరు వచ్చింది. వీధి వచ్చింది. కిటికీ వైపు చూపించి ఆవిడ కలిపిన ముక్క కూడా వచ్చింది. ఆ గది ఉన్నది రొట్టెల దుకాణం వెనక, మెట్లు దిగితే కింద అని అర్థమట. కానీ ఇంటి నంబరు దగ్గర నా నోట్లో రెండు చప్పుళ్ళు తిరుగుతున్నాయి. రెంటికీ తేడా ఒక్క పొల్లు. ఏది ఆవిడదో, ఏది నేను దారిలో చేసుకున్నదో తేలలేదు. రెండూ రాయమన్నాను. డాక్టరమ్మ రెండూ రాసి పంపింది. ఇటూ అటూ ఫోన్లు చేసింది. ఇప్పుడు వెళ్తున్నామని అక్కణ్ణుంచి ఒకరన్నారట. ఎన్ని నిమిషాల్లో అంటే చెప్పలేదట.

ఇప్పుడు సాయంత్రం ఐదైంది. ఆసుపత్రి బల్ల మీద కూర్చుని ఇది రాస్తున్నాను. రవణమ్మ వచ్చి పక్కన కూర్చుంది. ఫోను ఇంకా మోగలేదు. వాళ్ళు తలుపు దొరకలేదని మళ్ళీ అడిగితే మొదట్నుంచి చెప్పాలి కదా, అందుకని ఆవిడ పేరూ, ఊరూ, వీధీ లోపల్లోపల అనుకుంటూనే ఉన్నాను.